సొరలంకలో ఆ రోజు కొబ్బరికాయ కొట్టకూడదు

మా చెల్లెలి కూతురు కీర్తి రెండేళ్లుగా ఒక పంచాంగం రాస్తోంది. మనది కాదు, సొరలంక అనే దీవిది. ఆ దీవి ఏ మ్యాపులోనూ దొరకదు, ఒక సినిమా కోసం కీర్తీ వాళ్లు కల్పించుకున్నది. మొన్న సాయంత్రం ఫోన్ చేసి, "పెద్దమ్మా, రేపు కొత్త సెట్లో మొదటి షాట్. నా క్యాలెండర్‌ని ఉంచాలో తీసేయాలో డైరెక్టర్‌గారు రేపే తేలుస్తారట. నావైపు ఒక్క మనిషైనా ఉంటే ధైర్యంగా ఉంటుంది, వస్తావా?" అంది. రానని ఎలా అంటాను? మా ఆయన మాత్రం పేపర్లోంచి తలెత్తకుండా, "లేని ఊరికి పంచాంగం, దానికి నువ్వొక సాక్షి" అన్నారు. నాకు ఒళ్లు మండింది. అప్పట్నుంచీ మా ఇంట్లో మాటల్లేవు.

మాది వెంగళరావు నగర్. పొద్దున్నే ఎనిమిదింటికి బయల్దేరి మధురానగర్ మెట్రో దాకా నడిచాను. అక్కణ్ణుంచి జూబ్లీహిల్స్ చెక్‌పోస్ట్‌కి పావుగంట కూడా పట్టదు, టికెట్ ముప్పై రూపాయల్లోపే. అసలు తంటా అక్కడ దిగాకే. ఫిల్మ్‌నగర్ ఎత్తు మీదకి అనగానే ఆటోవాళ్లు మొహం తిప్పేసుకుంటారు. చివరికొకతను నూట యాభైకి ఒప్పుకున్నాడు.

"షూటింగ్ చూడనీకి పోతున్నవా అమ్మా?" అన్నాడు మలుపు తిప్పుతూ.

"మా అమ్మాయి అక్కడ పనిచేస్తోంది బాబూ. తిథులు రాస్తుంది."

"సిన్మాలకి తిథులు రాసేటోళ్లు గూడ ఉంటరా?" అని అద్దంలోంచి నావైపు ఒకసారి చూసి, "ఏదైతేనేంది, మంచిగ బతకాలె" అన్నాడు. ఆ ఒక్క మాటకి అతనికి ఇంకో పది ఎక్కువిచ్చాను.

సెట్ అంటే ఎత్తు మీద ఒక పెద్ద రేకుల షెడ్డు. బయట బండరాళ్లు, జనరేటర్ వ్యాను. లోపల అడుగుపెడితే ఇసుక, తాటాకు ఇళ్లు, వలలు. మా పుట్టిల్లు బందరు వైపు కాబట్టి ఉప్పుగాలి రాకపోవడం ఒక్కటే నాకు వెలితిగా అనిపించింది. ఎదురుగా గోడకి బండిచక్రమంత చెక్క చక్రం, దాని మీద రోజుల పేర్లు, నడుమ ఇత్తడి సూది. అదే కీర్తి క్యాలెండర్. సొరలంకకి ఇద్దరు చంద్రులు, పెద్దమామ, చిన్నమామ. ఇద్దరూ ఒకేవైపు చేరిన రోజు సముద్రం ఇళ్ల గడపల దాకా వస్తుంది. దాన్ని జంటపోటు అంటారు, అదే వాళ్ల ఉగాది. అదెప్పుడొస్తే అప్పుడే కొత్త సంవత్సరం. మనుషుల వయసు కూడా జంటపోట్లతోనే లెక్క. మామలిద్దరూ చెరోవైపు లాగితే నీళ్లు ఎటూ కదలవు. ఆ రోజు పేరు నిలవనీరు. ఆ రోజు కొత్త పని మొదలెట్టకూడదు, పాతవి పూర్తిచేసుకోవచ్చు. ఎవరితో గొడవపడ్డామో వాళ్ల పక్కన కూర్చుని అన్నం తినాలి.

కీర్తి ఇదంతా చెప్తుంటే నాకు దాని మీద ఎంత ముద్దొచ్చిందో! ఇంతలో డైరెక్టర్‌గారు వచ్చి కెమెరాలోంచి చూసి పెదవి విరిచారు. "బాగుందమ్మా, కానీ జనానికి ఎక్కదు. ఇద్దరు చంద్రులు, పోట్లు, ఎవడు గుర్తుపెట్టుకుంటాడు? గోడ ఖాళీగా ఉంచేద్దాం." కీర్తి నా చెయ్యి గట్టిగా పట్టుకుంది.

చక్రం తర్వాత విప్పచ్చు, ముహూర్తం దాటిపోతోంది అని ఆయనే తొందరపెట్టారు. నిర్మాతగారు పెద్దాయన, తెల్ల చొక్కా, నుదుట కుంకుమ. కొబ్బరికాయ ఎత్తారు. ఎత్తిన చెయ్యి అలాగే ఆగిపోయింది. ఆయన చూపు చక్రం మీదుంది.

"ఇవాళ నిలవనీరేంటి?" అన్నారు.

"సూది ఎక్కడో అక్కడ పెట్టారు సార్. మన పంచాంగంలో భేషుగ్గా ఉంది" అన్నారు డైరెక్టర్‌గారు.

"మన పంచాంగం మనింట్లోనండీ. ఇప్పుడు కాలు పెట్టింది సొరలంకలో. తెలిసి తెలిసి ఇవాళ మొదలుపెడతామా?"

"పోనీ సూది తిప్పేయండి."

నిచ్చెన మీదున్న లైట్‌మన్ కిందికి చూసి, "సూది తిప్పితే సముద్రం కదుల్తదా సార్?" అన్నాడు. మేకప్ అమ్మాయి అప్పటికే హారతి పళ్లెం కింద పెట్టేసింది.

తర్వాత కీర్తి నా చెవిలో చెప్పింది. కథ వినిపించినప్పుడు నిర్మాతగారు ఒక్కటే అడిగారట, "ఇందులో మంచిరోజులేవి, చెడ్డరోజులేవి?" అని. తెలుగువాడు ఏ క్యాలెండర్ కనిపించినా ముందు అడిగేది అదే కదా.

డైరెక్టర్‌గారు కాసేపు అందరి మొహాలూ చూశారు. తర్వాత నవ్వేశారు. పోయిన షెడ్యూల్లో మిగిలిపోయిన వల కుట్టే షాట్ తీశారు, అది పాత పనే కాబట్టి ఎవరికీ అభ్యంతరం లేదు. మధ్యాహ్నం భోజనాల దగ్గర ఆయనే ప్లేటు పట్టుకుని వచ్చి కీర్తి పక్కన కుర్చీ లాక్కున్నారు. ముద్దపప్పు కలుపుకుంటూ, మామూలుగా అడిగారు. "రేపు పోటు ఎన్నింటికమ్మా?"

కీర్తి కళ్లు తుడుచుకుని వేళ్ల మీద లెక్కపెట్టడం మొదలెట్టింది. నాకూ కళ్లు తడిశాయి, చెప్పుకోడానికి సిగ్గేంటి.

తిరిగి వస్తూ అనుకున్నాను, తిథిని నమ్మేవాళ్లుంటే ఊరు ఉన్నట్టే. మీరెవరైనా ఫిల్మ్‌నగర్ ఎత్తు మీదకి వెళ్తే ఒక్కటి గుర్తుపెట్టుకోండి, ఆటో ఎక్కేముందే తిరుగు ప్రయాణం కూడా మాట్లాడుకోండి. పైకి ఖాళీ ఆటోలు రావు. నేను చెక్‌పోస్ట్ దాకా కాళ్లీడ్చుకుంటూ నడిచాను. ఇంటికొచ్చి రెండు కంచాలు పెట్టి, మా ఆయన పక్కనే కూర్చున్నాను.

"ఏంటి, కోపం పోయిందా?" అన్నారు.

"పోలేదు. ఇవాళ నిలవనీరు, అంతే. తినండి."