శుక్రీ ముట్టని కాఫీ

బహీజా పేరును ఎవరూ చీకటిలో దొంగిలించలేదు. పట్టపగలు, పెద్దమనుషుల సమక్షంలో, ఎంతో మర్యాదగా మాయం చేశారు.

అది రేవుపట్టణం యాఫాలో, పందొమ్మిది వందల నలభై ఆరో సంవత్సరం. నారింజ గోదాములో తెరలు కట్టి రమ్జీ అనే ఆయన సినిమా తీస్తున్నాడు. కైరో నుంచి రావలసిన నటి రాలేదు. అక్కడే దుస్తులు కుడుతున్న పంతొమ్మిదేళ్ళ బహీజాను కుట్టుమిషను ముందు నుంచి లేపి, పొలం అమ్ముకున్న తండ్రిని నిలదీసే కూతురి వేషం వేయించాడు. ఆ సినిమా గొప్పదని చెప్పడానికి ఈనాడు ఆధారమేమీ లేదు. ఆ ఒక్క సన్నివేశం మాత్రం చూసినవాళ్ళకు గుర్తుండిపోయింది.

షూటింగు ముగిసే రోజుల్లో కబురు ఆమె అన్న శుక్రీకి చేరింది. నారింజ పెట్టెలు చేసే వడ్రంగి అతను. కేకలు వేయలేదు, చెయ్యి చేసుకోలేదు. నలుగురు పెద్దలను వెంటబెట్టుకుని వచ్చి కూర్చున్నాడు. రమ్జీ కాఫీ ఇప్పించాడు. శుక్రీ కప్పును ఎదుట పెట్టుకుని ముట్టలేదు. కోరిక తీరుస్తామన్న మాట వినేదాకా కాఫీ ముట్టని అతిథిని ఉత్త చేతులతో పంపితే ఆ ఇంటి పరువు మిగలదు. అతని కోరిక ఒక్కటే: పేరు వెయ్యకూడదు. ముఖాన్ని జనం నాలుగు రోజుల్లో మరచిపోతారు, పేరు మాత్రం కాఫీ కొట్లలో నలుగుతుందని అతని తర్కం. రమ్జీ సరేనన్నాడు. శుక్రీ కాఫీ తాగాడు. తెర వెనక నిలబడి అంతా వింటున్న బహీజాను ఎవరూ ఏమీ అడగలేదు. కెమెరా ముందు తండ్రిని నిలదీసిన పిల్ల అన్న ముందు నోరెత్తలేదు. ఆ మౌనాన్ని ఆమె తరువాత ఎన్నడూ క్షమించుకోలేదు.

ఆడవాళ్ళ కోసం వేసిన మధ్యాహ్నపు ఆటకు ముసుగు వేసుకుని వెళ్ళింది. తెర మీద పేర్లు పడ్డాయి. గాడిదను అరువిచ్చిన వాడి పేరు సైతం పడింది. ఆమె వంతు వచ్చేసరికి ‘ఒక యాఫా యువతి’ అని ఉంది. పక్క కుర్చీలోని ఆవిడ, ఈ పిల్ల ఎవరోగానీ తండ్రిని కడిగిపారేసిందని మెచ్చుకుంది. బహీజా ముసుగు సర్దుకుంది.

రెండేళ్ళకు యుద్ధం వచ్చి ఊరు శత్రుసేనల చేతికి పోతుంటే, పడవలెక్కి యాఫా విడిచారు. రీళ్ళు అక్కడే ఉండిపోయాయి. అమ్మాన్ కొండవాలు మీది ఇంట్లో ఆమె భార్య అయింది, తల్లి అయింది, వితంతువు అయింది. వీధికి ఆమె ఉమ్ మునీర్, అంటే మునీర్ తల్లి. అసలు పేరు ఆమెను పిలిచేవాళ్ళలో చాలామందికి తెలియదు.

ముప్ఫై మూడేళ్ళ తరువాత లమీస్ అనే యువతి వెతుక్కుంటూ వచ్చింది. ఏదో సంఘం పాత ఫోటోల ప్రదర్శన పెడుతోందట. ఆనాటి యాఫా ఆడవాళ్ళెవరో ముఖం గుర్తుపట్టి ఈ ఇల్లు చెప్పారట. ఆమె తెచ్చిన ఫోటోలో వేలు చూపిస్తూ పంతొమ్మిదేళ్ళ బహీజా ఉంది. వెనక పెన్సిలుతో రాసిన మాట: పేరు తెలియని నటి.

బహీజా దాన్ని రెండుసార్లు చదివింది. తెలియకపోవడమనేది ప్రకృతి వైపరీత్యం కాదు. ఎవరో పనిగట్టుకుని చేస్తే తప్ప మనిషి పేరు తెలియకుండా పోదు.

విషయం తెలిసి శుక్రీ కూడా వచ్చి కూర్చున్నాడు. బహీజా యాలకులు వేసి కాఫీ తెచ్చింది. అతను కప్పును బల్ల మీద పెట్టి చేతులు మోకాళ్ళ మీద ఆనించుకున్నాడు. ముసలివాడైనా భంగిమ మాత్రం ఆనాటిదే.

లమీస్ ఇబ్బందిపడింది. “పోనీ పిన్నీ, ‘యాఫా యువతి’ అనే రాయమంటారా?”

“ఆ గాడిద ఇచ్చినాయన పేరు నీ దగ్గరుందా?”

లమీస్ ఆ సినిమా పేర్ల జాబితా రాసుకున్న నోటుపుస్తకం తిరగేసింది. “ఉంది పిన్నీ. అబూ దర్వీష్.”

“చూశావా అన్నయ్యా? గాడిదల వాడు చరిత్రకెక్కాడు.”

శుక్రీ నవ్వలేదు. ఈ వయసులో తనను నలుగురిలో నవ్వులపాలు చేయవద్దన్నాడు. యాఫాయే పోయాక, సినిమాయే పోయాక, ఒక పేరు కోసం పంతమేమిటన్నాడు.

“యాఫాను పోగొట్టింది వాళ్ళు,” అంది బహీజా. గొంతు పెంచలేదు. “నా పేరు పోగొట్టింది నువ్వు. వాళ్ళు రాకముందే, రెండేళ్ళ ముందే, కప్పు కాఫీతో. ఊరు పోయిందని ప్రపంచమంతా తిరిగి చెప్పుకుంటున్నావు. ఇది ఎవరికి చెప్పావు?”

అతను కప్పు వైపు చూపించాడు. “అయితే ఇది ముట్టనన్నమాట.”

“ముట్టకు.”

ఆ ఇంట్లో అంతవరకు అతిథి ముందు కాఫీ చల్లారలేదు. గదిలో ముగ్గురూ ఆ కప్పునే చూశారు. కాఫీ మీద పలచని పొర కట్టింది. శుక్రీ కర్ర అందుకుని, గుమ్మం దగ్గర ఆగి, ఆమె పిలుస్తుందేమోనని కాసేపు నిలబడ్డాడు. పిలవలేదు.

“రాసుకో అమ్మా,” అని బహీజా లమీస్‌కు తన పేరు, తండ్రి పేరు, యాఫాలో తామున్న వీధి పేరు చెప్పింది. రాసిన కాగితాన్ని అడిగి తీసుకుని, కళ్ళకు దగ్గరగా పెట్టుకుని, ఒక్కో అక్షరం సరిచూసింది. కోపం తగ్గలేదు. తగ్గాలని ఆమె కోరుకోలేదు కూడా.

నిండు కప్పును వంటింట్లోకి తీసుకెళ్ళి తూములో పారబోసింది.