యెరూషలేములో మా నాయన వేషం

యెరూషలేము వీధుల్లో చచ్చి పడినవాళ్ళలో చాలామంది నాకు తెలిసినవాళ్ళే. మా ఆఫీసు రిసెప్షన్‌లో కూర్చునే అమ్మాయి, కింద టీ కొట్టాయన, మా టీమ్‌లోని కడప అన్న, గుంటూరు కుర్రాడు. తొమ్మిది వందల ఏళ్ళ కిందటి శవాలకు ముఖాలు కావాల్సి వస్తే మా ఆఫీసున్న కాడుగోడిలో దొరికినవాళ్ళవే పెట్టాం.

మా పనే అది. విదేశీ టీవీ వాళ్ళు చరిత్ర మీద తీసే సీరియళ్ళకు మేము కంప్యూటర్లో జనాన్ని తయారుచేసి పంపుతాం. ముందు వరసలో నలుగురు నటులుంటారు, వాళ్ళ వెనక ఉన్న జనమంతా మా చేతి పని. ముఖాల కోసం బయటివాళ్ళని పిలిస్తే ఖర్చు. అందుకని చుట్టూ కెమెరాలు బిగించిన ఒక చిన్న గదిలో మావాళ్ళనే కూర్చోబెట్టి స్కాన్ తీస్తాం. ఒక సంతకం పెట్టించుకుని, ఒక బిర్యానీ పొట్లం చేతిలో పెడతాం.

ఆ ఏడాది మాకు వచ్చింది మొదటి క్రూసేడు. పడమటి దేశాల క్రైస్తవ సైన్యం బట్టల మీద శిలువలు కుట్టుకుని, నెలల తరబడి నడిచి వచ్చి, ముస్లింల ఏలుబడిలో ఉన్న యెరూషలేమును ముట్టడించింది. గోడ దాటి లోపలికి వచ్చాక ఊరివాళ్ళను నరికింది. నాకు అంతవరకూ క్రూసేడంటే బడిలో రెండు మార్కుల ప్రశ్న. ఇప్పుడు శవాలను ఎక్కడెక్కడ పడెయ్యాలో తెలియాలి కాబట్టి కూర్చుని చదివాను. యూదులు తమ ప్రార్థన మందిరంలో తలదాచుకుంటే దానికి నిప్పు పెట్టారట. గెలిచిన సైన్యంతో వచ్చిన ఒక మతగురువు, గుర్రాల కళ్ళేల దాకా నెత్తురు వచ్చిందని రాసుకున్నాడు. సిగ్గుపడి కాదు, ఇది దేవుడి తీర్పని మురిసిపోతూ. అది చదివి షాట్‌లో నెత్తురు పెంచాను. క్లయింటు మాత్రం అంత నెత్తురు వద్దు, చూసేవాళ్ళు నమ్మరన్నాడు.

గుంటూరు కుర్రాడు ఆదివారం చర్చి మానడు. మెడలో ఎప్పుడూ శిలువ ఉంటుంది. తనని సైనికుడిగా పెట్టమని నా వెంట పడ్డాడు. "గుర్రం ఎక్కించండక్కా, మా అమ్మ చూసి మురిసిపోద్ది" అన్నాడు. ఎక్కించాను. క్లయింటు తిప్పి పంపాడు. సైనికుల ముఖాలు వాళ్ళ దేశం నుంచే వస్తాయట, మావన్నీ ఊరివాళ్ళకేనట. కడప అన్న ముస్లిం. కుర్రాడి భుజం మీద చెయ్యేసి, "రాప్పా, మా పక్క చోటుండాది. సచ్చేదానికి అందరమూ పనికొస్తాం" అన్నాడు. పడీ పడీ నవ్వుకున్నాం. ఆ తర్వాత నేను చదివినదాన్ని బట్టి, అదే సైన్యం దారిలో అంతియొకయ పట్టణాన్ని పట్టుకున్నప్పుడు ఎవరు క్రైస్తవులో ఎవరు ముస్లింలో చీకట్లో పోల్చుకోలేక ఇద్దరినీ చంపింది. అది చెబితే ఎవరూ నవ్వలేదు. "మా పాస్టరు గారు ఇది ఎప్పుడూ చెప్పలేదే" అన్నాడు కుర్రాడు.

మా నాయన, అమ్మ అప్పుడు నా దగ్గరే ఉన్నారు. నాయన హిందూపురం పక్క పల్లెలో పట్టుపురుగులు పెంచుకునే మనిషి, కడుపులో గడ్డకు మందు ఎక్కించుకోవడానికి వచ్చాడు. కె.ఆర్.పురం అవతల ఆసుపత్రి. తిరుగుదారిలో ఒక్కోసారి మా ఆఫీసులో కాసేపు కూర్చునేవాడు. స్కాన్ గది చూసి ఆయనకు పాత పిచ్చి లేచింది. వయసులో ఉన్నప్పుడు ఊళ్ళో పౌరాణిక నాటకాల్లో వేషాలు కట్టేవాడు. రాగం గట్టిగా తీస్తాడు కానీ అందగాడు కాదు, అందుకని ఎప్పుడూ యుద్ధంలో చచ్చే వేషమే. చచ్చేముందు పద్యం ఎత్తుకుంటే జనం "వన్స్ మోర్" అని ఈలలేసేవాళ్ళు. చచ్చినవాడు లేచి, దుమ్ము దులుపుకుని, మళ్ళీ పాడి మళ్ళీ చచ్చేవాడు. "మీ నాయన చచ్చినన్ని తూర్లు ఈ జిల్లాలో ఎవురూ చచ్చుండరు" అని అమ్మ ఎగతాళి చేసేది.

మా సూపర్‌వైజరు నాయనను చూసి ఎగిరి గంతేశాడు. ముట్టడిలో తిండి లేక ఎండిన ముఖం అచ్చం ఇలాగే ఉంటుందట, మేకప్ కూడా అక్కర్లేదట. ఎద్దు పుండు కాకికి ముద్దా అని ఊరికే అన్నారా! చెంప పగలగొట్టాలనిపించింది. నాయన మాత్రం అప్పటికే కెమెరాల మధ్య కుర్చీలో కూర్చుని మీసం సర్దుకుంటున్నాడు.

నేను ఆయన్ని బజారు షాట్‌లో పెట్టాను. యుద్ధానికి ముందు రోజులు, అంగట్లో అత్తిపళ్ళు ఏరుకునే ముసలాయన. ఇంటికి వెళ్ళి అదే చెప్పాను. "ఈ తూరి చావు లేదా!" అని నాయన తెగ మురిసిపోయాడు. కొన్ని వారాలకు క్లయింటు బజారు షాట్ తీసేశాడు, నిడివి ఎక్కువైందని. అందులోని జనాన్నంతా తెచ్చి ఊచకోత షాట్‌లో పెట్టమన్నాడు.

ఆ సంగతి నేను ఇంట్లో చెప్పలేకపోయాను. రోజూ సాయంత్రం నాయన ఒకటే అడగడం, "నా యేషం వచ్చిందామ్మా?" ఇంకా కాలేదనేదాన్ని. ఇంతలో డాక్టర్లు ఇక మందు వద్దు, ఇంటికి తీసుకెళ్ళండి అన్నారు. నాయన బస్సు టికెట్ల గురించి అడగలేదు. "పొయ్యేలోపల ఒగసారి సూపీ" అన్నాడు.

బయటివాళ్ళకు చూపించకూడదని మాకు కచ్చితమైన నియమం. నేను అడిగితే సూపర్‌వైజరు ఏమనుకున్నాడో, శనివారం తీసుకురమ్మన్నాడు. నాయనను నా కుర్చీలో కూర్చోబెట్టాను. బజారు షాట్ పోయిందని అప్పుడు చెప్పాను. ఆయన తల ఊపి స్క్రీన్ వైపు చూశాడు. సన్నటి వీధి. జనం పరిగెడుతున్నారు. నాయన ఒక గుమ్మంలో నిలబడి ఉన్నాడు. వీధి మలుపులోంచి గుర్రాలు వచ్చాయి. ఒక కత్తి లేచింది. నాయన పడిపోయాడు.

"వాళ్ళెవురు?"

"శిలువ కట్టుకుని వచ్చినోళ్ళు నాయనా. శానా దూరం నుంచి వచ్చినారు, దేవుని ఊరని."

"నేనేం జేసినా వాళ్ళకి?"

"ఏం జెయ్యలేదు. ఆ ఊర్లో ఉండావు, అంతే."

ఆయన ముందుకు వంగి, నేల మీద పడి ఉన్న తన బొమ్మను చూశాడు. "పద్యం పాడేదానికి గూడా టైమియ్యలేదే నా కొడుకులు" అన్నాడు చివరికి. తర్వాత నా వైపు తిరిగి, "వన్స్ మోర్ అను" అన్నాడు.

మౌస్‌తో టైమ్‌లైన్‌ను మెల్లగా వెనక్కి లాగాను. నేల మీది నాయన మోచేతుల మీద లేచి, మోకాళ్ళ మీదికి వచ్చి, గుమ్మంలో నిలబడ్డాడు. కత్తి వెనక్కి పోయింది. నాయన పిల్లాడిలా చప్పట్లు కొట్టాడు. దగ్గు వచ్చేదాకా నా చేత అలా లేపిస్తూనే ఉన్నాడు. ఇంటికి వెళ్ళి, తాను ఎన్నిసార్లు లేచాడో అమ్మకు చెప్పుకున్నాడు.

ఊరికి వెళ్ళాక ఎక్కువ రోజులు లేడు. ఆ పంట పట్టుగూళ్ళు మార్కెట్‌కు అమ్మ ఒక్కతే తీసుకెళ్ళింది.

సీరియల్ మొన్న వచ్చింది. అమ్మ ఇప్పుడు కాడుగోడిలో నా దగ్గరే ఉంటోంది. ఇద్దరం కూర్చుని చూశాం. ఆ షాట్ రెప్పపాటు కూడా లేదు, కానీ అమ్మ పోల్చుకుంది. నాయన పడ్డాడు.

"ఎనిక్కి తిప్పు పాపా. లేసేది సూడల్ల" అంది.

రిమోట్ నొక్కాను. టీవీలో వెనక్కి తిప్పితే లేవడం కనబడదు. బొమ్మ ఒక్కసారిగా వెనకటి చోటికి గెంతుతుంది. ఆయన అప్పటికే గుమ్మంలో నిలబడి ఉంటాడు, మళ్ళీ పడటానికి. రెండోసారీ అంతే. మూడోసారి అమ్మ నా చెయ్యి పట్టుకుంది.

"ఆపు. పడేదానికి ముందే ఆపు."

ఆపాను. గుమ్మంలో నాయన నిలబడి ఉన్నాడు. ఆయన పక్కన గుంటూరు కుర్రాడు, కడప అన్న, టీ కొట్టాయన, అందరూ ప్రాణాలతో ఉన్నారు. అమ్మ టీవీ దగ్గరికి వెళ్ళి, కొంగుతో ఆయన ముఖం దగ్గర తుడిచింది. అమ్మ భుజం పక్కన, వీధి మలుపులో, మొదటి గుర్రం తల అప్పటికే కనిపిస్తోంది.