జూడీ కొన్న స్టేషన్

జూడీ రైల్వే స్టేషన్ కొనేసిందని చోడవరంలో ఒక మాట తిరుగుతోంది. పాలకేంద్రం దగ్గర పుట్టినప్పుడు అది ఒట్టి స్టేషనే. టిఫిన్ బండి దాకా వచ్చేసరికి దానికి రెండు బోగీలు తగిలాయి. ఆదివారం ఆరాధన అయ్యి, చర్చి మెట్ల మీద జనం చెప్పులు వెతుక్కునే వేళకి గవర్నమెంటు రైళ్ళన్నీ అమ్మేస్తోందనీ, మొదటి బేరం మన వడ్రంగి నోవహు పెళ్ళాం జూడీదేననీ తేలిపోయింది. చోడవరానికి రైలు లేదు. రైలు లేని ఊళ్ళో రైలు గురించి ఎవరేం చెప్పినా నమ్ముతారు.

నమ్మని మనిషి ఒక్క దేముడమ్మే. నమ్మకపోవడానికి కారణం ఆ సంగతి తనకి ముందుగా తెలియకపోవడం. గోడకి ఇటు తనిల్లు, అటు జూడీ ఇల్లు. ఆ ఇంట్లో చేపల పులుసు మరిగితే ఉప్పు సరిపోయిందో లేదో గోడ ఇవతల నుంచే చెప్పగల మనిషికి తెలియకుండా స్టేషన్ కొనడమా!

అయితే జూడీ మాత్రం తెల్లారకముందే క్యారేజీ తగిలించుకుని స్కూటీ మీద ఎక్కడికో పోతోంది. చీకటిపడ్డాక వస్తోంది. అడిగితే "పుట్టింటికి పిన్నీ" అంటుంది.

"రోజూ పుట్టింటికేటిరా? నిన్నొగ్గేసిందేటి?" అని దేముడమ్మ గోడ మీంచి నోవహుని నిలదీసింది.

నోవహు చెవి మీద పెన్సిలు తీసి చెక్క మీద గీత గీశాడు. "స్టేషన్ కొన్నాది కదా పిన్నీ. కిటికీ రెక్కలు ఊడిపోయేయంట. బిగించమంది. కూలి అడిగితే రైలెక్కిస్తానంది" అని నవ్వాడు.

ఆ నవ్వుతో దేముడమ్మకి రాత్రి అన్నం సయించలేదు. మర్నాడు తెల్లారకుండా తలదువ్వుకుని, జూడీ స్కూటీ తీసేసరికి గుమ్మంలో నిలబడింది. "నేనూ వస్తన్నాను. ఎక్కడికని అడక్కు. నువ్వెక్కడికో నేనూ అక్కడికే."

అనకాపల్లి దాటి, పట్టాల పక్కన మట్టిరోడ్డు పట్టుకుని పోతే ఈతలపాలెం వస్తుంది. అది జూడీ పుట్టిన ఊరు. ఊరి చివర ఒక పసుపు బోర్డు, ఎర్రకంకర ప్లాట్‌ఫారం, సిమెంటు బెంచీ, ఒక గది, ఆ గదికి ఊచల కిటికీ. దేముడమ్మ చుట్టూ తిరిగి చూసింది.

"ఇదేనేటే నువ్వు కొన్నది? దీనికన్నా మా గేదెల సాల నయం."

"కొన్లేదు పిన్నీ. కూకుంటన్నాను, అంతే."

జూడీ చెప్పినదాన్ని బట్టి అసలు సంగతి ఇది. ఒకప్పుడు అక్కడ స్టేషన్ మాస్టరుండేవాడు, పోర్టరుండేవాడు. జనం తక్కువని వాళ్ళని తీసేసి, దాన్ని బండి కాసేపు ఆగి పోయే ఒట్టి హాల్టు చేశారు. కరోనా రోజుల్లో ప్యాసింజరు ఆగడం కూడా మానేసింది. ఊరివాళ్ళు అర్జీల మీద అర్జీలు పెట్టుకుంటే, పొద్దున్న పోయే బండి, సాయంత్రం వచ్చే బండి మళ్ళీ ఆపుతామన్నారు. కాకపోతే టికెట్లమ్మడానికి రైల్వే తన మనిషిని పంపదు. ఊరికి చెందిన వాళ్ళెవరైనా కాంట్రాక్టుకి తీసుకోవాలి. పెద్ద స్టేషన్లో టికెట్లు ముందుగా కొని తెచ్చుకుని, ఇక్కడ అమ్ముకుని, కాస్త కమీషను ఉంచుకోవాలి. గది, పట్టాలు, రైలు, టికెట్టు అన్నీ గవర్నమెంటువే. గవర్నమెంటుది కానిది కిటికీ లోపలి మనిషి ఒక్కరే. ఊళ్ళో ఎవరూ ముందుకి రాలేదు. తల్లి ఇంటి చిరునామా మీద జూడీ దరఖాస్తు పెట్టింది. రెండు బండ్లకీ మధ్య తల్లి దగ్గర కూర్చుని జాకెట్లు కుట్టుకుంటుంది.

ఇదీ ఆవిడ కొన్న స్టేషన్.

బండి వేళ దగ్గరపడింది. పూలబుట్టలతో, ఆకుకూర మూటలతో ఆడవాళ్ళు వచ్చారు. కాలేజీ పిల్లలు వచ్చారు. జూడీ కిటికీ తెరిచి, తేదీ ముద్ర చేత్తో పట్టుకుని కూర్చుంది. ఒక్కరూ ఆ పక్కకి పోలేదు. కిటికీ ముందు నుంచి పోతూ తలలు అవతలికి తిప్పుకున్నారు. దేముడమ్మ ఒళ్ళు మండి బెంచీ మీద కూర్చుంది. అక్కడ ఖాకీ చొక్కా వేసుకున్న ముసలాయన కర్ర మీద గడ్డం ఆనించి ఉన్నాడు. పేరు పరదేశి. రైల్వేలో గ్యాంగ్‌మన్‌గా చేసి రిటైరైనవాడు.

"ఎవరమ్మా నువ్వు?"

"దాని పక్కింటిదాన్ని. స్టేషన్ సూద్దారని వచ్చేను."

"ఇంకేటుంది సూడ్డానికి? మా రోజుల్లో తెల్లకోటేసుకుని మాస్టరుగారు జెండా ఊపితే గానీ బండి కదిలేది కాదు. ఇప్పుడు జాకెట్లు కుట్టే గుంట కూకుంది."

"గుంటేటి బాబూ, దానికి నలభై దాటేయి. అది సరే, టికెట్లు కొనరేటి మీ ఊరోళ్ళు? దొంగరైలెక్కుతారా?"

పరదేశి కర్ర నేలకి కొట్టాడు. "దొంగలం కాం. సర్కారు రైలుకి ప్రైవేటు మనిషి దగ్గర టికెట్టేటి? కొన్నామంటే ఒప్పేసుకున్నట్టే. కొనకపోతే ఆళ్ళే దిగొచ్చి మాస్టర్ని పంపుతారు. టికెట్టు డబ్బులు మిగుల్చుకోవద్దని నేనే సెప్పేను. మావోళ్ళు అమ్మోరి హుండీలో ఏస్తారు. చర్చికెళ్ళేవోళ్ళు కానుకపెట్టెలో ఏస్తారు. ఒక్క పైసా ఎవ్వడూ తినడు."

దేముడమ్మ నోటిమీద కొంగు పెట్టుకుంది. నవ్వు ఆగలేదు. "అయితే మీ అమ్మోరు రైలు నడుపుతాదా బాబూ? పాస్టరుగారు జెండా ఊపుతారా?"

పరదేశి ఆవిడ వైపు మళ్ళీ చూడలేదు. బండి ఆగింది, అందరూ ఎక్కారు, పోయింది.

తిరుగుదారిలో జూడీ రెండో సంగతి చెప్పింది. పెద్ద స్టేషన్ నుంచి ఆఫీసరొచ్చాడు. కిటికీ దగ్గర అమ్మకం చూసి, ఇక్కడ ఎవరూ ఎక్కడం లేదన్నాడు. కళ్ళముందు ఇంతమంది ఎక్కుతున్నారు కదా సార్ అంటే, మాకు కనిపించేది టికెట్టేనమ్మా, మనుషులు కాదన్నాడు. ఎండలు తగ్గేలోపు అమ్మకం పెరగకపోతే బండి ఆగదు.

"మానేసీవే" అంది దేముడమ్మ వెనకనుంచి. "ఊరికి అక్కర్లేంది నీకేటి?"

"మానను."

"మంకుపట్టేటే?"

"పిన్నీ, గట్టిగా పట్టుకో, గొయ్యుంది" అని జూడీ స్కూటీ పక్కకి తిప్పింది.

ఆ ఆదివారం జూడీ ఈతలపాలెం పాస్టరుగారి దగ్గరికెళ్ళింది. కానుకపెట్టె బరువు తగ్గుతుందని తెలిసి కూడా ఆయన ప్రకటనల్లో చదివారు. రైలు డబ్బులు రైలుకే చెందాలని, దేవుడికి టికెట్టు అక్కర్లేదని. సాయంత్రం హిందువుల వీధిలో దండోరా వేయించింది. డప్పువాడు తన సొంతం కూడా కలిపి అరిచాడు: "రైలు గవర్నమెంటుదహో! టికెట్టు గవర్నమెంటుదహో! కిటికీలో సెయ్యొక్కటే మన జూడీదహో! హుండీలో ఏసిన డబ్బు ఇసాపట్నం పోదహో!" పిల్లలు వారం రోజులు వీధుల్లో అదే అరుచుకుంటూ తిరిగారు. సోమవారం పూలబుట్టల ఆడవాళ్ళు కొందరు కిటికీ దగ్గరికొచ్చారు. ఆకుకూరలవాళ్ళు బెంచీ వైపు చూసి ఆగిపోయారు. పరదేశి మొహం చూడకుండా ఆ ఊళ్ళో ఏదీ అవదు.

దేముడమ్మ ఇప్పుడు అడక్కుండానే స్కూటీ ఎక్కుతోంది. చెల్లెలికి ఒంట్లో బాగాలేదని కోడలికి చెబుతోంది. చెల్లెలు చీడికాడలో రాయిలా ఉంది.

ఒకరోజు బండి ఆలస్యం. జూడీ కిటికీ వదిలి బయటికొచ్చి, బెంచీ ముందు నిలబడింది. ప్లాట్‌ఫారం మీద అందరూ అటు తిరిగారు.

"తాతా, నువ్వెక్కడికి?"

"తెల్దేటి? రైల్వే ఆసుపత్రికి. సుగరు మాత్రలకి."

"టికెట్టేదీ?"

"పాసుంది. జీవితమంతా పట్టాల మీద పనిచేసినందుకు సర్కారిచ్చింది."

"అంటే నీ జన్మలో టికెట్టు కొన్లేదు."

"నాకేటి కర్మ!"

ఆకుకూరల మూటల దగ్గర ఎవరో కిసుక్కుమన్నారు. పరదేశి అటు చూసేసరికి అంతా మూటలు సర్దుకోవడంలో పడ్డారు.

"నువ్వు కొనక్కర్లేదు. ఆళ్ళని మాత్రం కొనొద్దంటావు" అంది జూడీ. గొంతు పెంచలేదు. "జనం లేరని కదా తాతా మాస్టర్ని తీసేసేరు? ఇప్పుడూ జనం లేరని మనమే సూపిస్తే మాస్టరొస్తాడా, ఉన్న రైలు పోద్దా? సెప్పు. మీ చిన్నారి నర్సింగుకి దేని మీద ఎల్తాది?"

చిన్నారి పరదేశి మనవరాలు. పుస్తకాల సంచి గుండెలకి హత్తుకుని తాత వైపే చూస్తూ నిలబడింది.

"ఈ పట్టాల కింద కంకర నువ్వు కొట్టిందే" అంది జూడీ. "దాని మీంచి బండి ఆక్కుండా పోతంటే, ఈ బెంచీ మీద కూకుని సూస్తావా?"

బండి వచ్చింది. పరదేశి ఎక్కలేదు. కర్ర పట్టుకుని, పట్టాల పక్కనే నడుచుకుంటూ ఇంటికి పోయాడు. దేముడమ్మ క్యారేజీ విప్పి జూడీ ముందు పెట్టింది.

తరువాత కొన్నాళ్ళు బెంచీ ఖాళీ. పరదేశి మాత్రలు మనవరాలు తెస్తోందని తెలిసింది. ముసలాయన మంచం పట్టేశాడని ఒకరు, జూడీ మీద పిటీషను రాయిస్తున్నాడని ఒకరు. చోడవరంలోనైతే పట్టాల కింద పడ్డాడని కూడా అన్నారు. ఆ మాటని దేముడమ్మ టిఫిన్ బండి దగ్గరే తుంచేసింది.

ఒక పొద్దున్న ఉతికిన ఖాకీ చొక్కాతో పరదేశి వచ్చాడు. బెంచీ దాటి, నేరుగా కిటికీ దగ్గరికి పోయాడు.

"ఇసాపట్నానికి ఒకటి."

"పాసుంది కదా తాతా?"

"ఉంటే ఉంటాది. టికెట్టియ్యి."

ఎంతివ్వాలో ఆయనకి తెలియదు. జేబులో ఉన్నదంతా తీసి ఊచల కింద పెట్టాడు. కావలసింది తీసుకుని జూడీ మిగతాది వెనక్కి తోసింది. ముద్ర కొట్టి టికెట్టిచ్చింది. ఆయన దాన్ని ఎండకి పట్టి ఇటూ అటూ తిప్పి చూశాడు.

"ఇది సర్కారుదేనా?"

"నీ పాసు అచ్చేసినోళ్ళే దీన్నీ అచ్చేసేరు."

పరదేశి టికెట్టు జేబులో పెట్టుకుని, గుండీ పెట్టుకుని, వెనక్కి తిరిగాడు. "ఏటలా సూస్తారు? లైనులో రండి! ఒకరెనకాల ఒకరు! ఒసే, ఆ మూట పక్కనెట్టు, దారికడ్డం!" కర్రతో కంకర మీద గీత కూడా గీశాడు. ఆ రోజు కిటికీ దగ్గర తోపులాట అయ్యింది.

ఆఫీసరు మళ్ళీ వచ్చాడు. సంతోషమని అనలేదు. బండి ప్రస్తుతానికి ఆగుతుందనీ, వచ్చే ఏడాది మళ్ళీ చూస్తామనీ చెప్పి, జూడీ తల్లి ఇచ్చిన మజ్జిగ తాగి వెళ్ళాడు.

చోడవరంలో స్టేషన్ కొన్న మాటని దేముడమ్మ ఇంటింటికీ తిరిగి చంపేసింది. వారం తిరక్కుండా ఇంకోటి పుట్టింది. జూడీని పర్మినెంటు చేసేస్తారనీ, క్వార్టరిస్తారనీ, అది ముందే తెలిసి దూరిందనీ. ఈసారి దేముడమ్మకీ అనుమానం తగిలింది. లాభం లేకుండా అంత దూరం రోజూ ఎవరు పోతారు?

మర్నాడు బండి పోయాక, జూడీ కిటికీ మూసి తాళం వేస్తుంటే అడిగేసింది. "ఒసే, నా మీదొట్టు, నిజం సెప్పు. ఏటాశించి కూకున్నావు ఇక్కడ? పర్మినెంటు సేస్తారనా?"

జూడీ తాళం లాగి చూసుకుంది.

"సెయ్యరని సంతకం పెట్టించుకునే ఇచ్చేరు పిన్నీ. మనిషిని తీసేసేరు. ఆ కుర్సీలో ఎవరో ఒకరు కూకోకపోతే రైలునీ తీసేస్తారు. అందుకని కూకున్నాను. రేపు గవర్నమెంటే వచ్చి, 'లెగమ్మా, మా మనిషి వచ్చేడు' అంటే, కుర్సీ తుడిసి, ఆడికి టీ ఇచ్చి మరీ ఎల్తాను. అందాకా మాత్రం లెగను."