అత్తమ్మ చారు మీద కట్టిన పాట

నా పేరు టీవీలో ఒకే ఒక్కసారి సరిగ్గా కనిపించింది. ఆ ఒక్కసారి కూడా కనిపించకుండా ఉంటే ఇవాళ నా పళ్ళు ఇంతగా పులిసేవి కావు. ఆ ఘోరం ఎలా జరిగిందో చెబుతాను, నవ్వుకోండి.

నేను సీరియళ్ళకు సంగీతం కడతాను. కోడలు కళ్ళు తిప్పగానే ఢాం ఢాం అంటుందే, అది నాలాంటివాళ్ళ పుణ్యమే. కానీ నా పేరు పడే సమయానికి సరిగ్గా ప్రకటనలు వచ్చేస్తాయి. దాంతో తిరుచానూరులో పూలంగడి నడిపే మా అత్తకు తలవంపులు. అల్లుడిది టీవీ పని అని ఆమె చెబితే, రిపేర్లు చేస్తాడేమో అనుకునేవాళ్ళు పక్క అంగళ్ళవాళ్ళు.

అలాంటిది ఒక కొత్త సీరియల్ టైటిల్ పాట నాకు దొరికింది. అమ్మ త్యాగం మీద పాట. ఈసారి పేరు పాట మధ్యలోనే వేస్తామన్నారు. సాహిత్యం ఇంకా రాలేదు. అప్పుడు మేమేం చేస్తామంటే, బాణీ మరిచిపోకుండా నోటికొచ్చిన డమ్మీ మాటలతో మేమే పాడి ఉంచుకుంటాం. ముందురోజు అత్త ఇంట్లో చేసిన భోజనం నా మనసులో ఇంకా మెదులుతోంది. కళ్ళు మూసుకుని ఆర్తిగా పాడేశాను:

అత్తమ్మ పెట్టిన చారు
చింతపండు చూడని నీరు
మింగితే వచ్చే కన్నీరు

తర్వాత అసలు సాహిత్యం వచ్చింది, గాయని చక్కగా పాడింది. పాట పంపేశాను. అక్కడితో ఊరుకోవచ్చు కదా? నా చేయి ఊరుకోదు. వేణువు పెంచి మళ్ళీ పంపాను. వీణ తగ్గించి మళ్ళీ పంపాను. చివరికి ఎడిటర్ విసిగిపోయి, ఆఖరున ఏది వస్తే అదే వాడేస్తానన్నాడు. అయినా ఆగలేదు. ప్రసారం రోజు తిరుచానూరు ఆటోలో ఊగుతూ ఫోన్లోంచి ఇంకొకటి పంపాను. ఫోన్లో డమ్మీ పాట ఫైలుకూ, అసలు పాట ఫైలుకూ 'ఫైనల్' అనే పేరు పెట్టిన మహానుభావుణ్ణి నేనే.

అత్త ఆ సాయంత్రం అంగడి మూసేసి, పక్క అంగళ్ళ ఆడవాళ్ళను పిలిచి హాల్లో కూర్చోబెట్టింది. "ఈపొద్దు సూడండి మా అల్లుడి పేరు" అంది. నేను కూర్చోలేక లేచాను, నిలబడలేక కూర్చున్నాను. పాట మొదలైంది. గాయని గొంతు రావాల్సిన చోట నా గొంతు వచ్చింది.

రిమోట్ కోసం వెతికాను. అది అత్త చేతిలో ఉంది. వాళ్ళేం చెప్పినా ఎప్పటిలాగే పేరు పడదులే, ఎవరి గొంతో వీళ్ళకేం తెలుస్తుంది అని ధైర్యం చెప్పుకున్నాను. జీవితంలో మొదటిసారి ప్రకటనలు రావాలని మొక్కుకున్నాను. రాలేదు. సరిగ్గా 'కన్నీరు' అన్న చోట నా పేరు తెర నిండా పడింది, కదలకుండా నిలబడింది.

పాట అయ్యాక ఒకావిడ మెల్లగా, "అక్కా, మొన్న మాకు పోసింది కూడా ఆ చారేనా?" అని అడిగింది.

అత్త టీవీ కట్టేసి నా వైపు చూసింది. "బాగా కట్టినావప్పా. ముందే చెప్పుంటే రొవంత చింతపండు ఏసుందును గదా" అంది. ఆమె తిట్టి ఉంటే బాగుండేది. సిగ్గుతో చచ్చిపోయాను.

మరునాడు అసలు పాట పెట్టేశారు, నా పేరు మళ్ళీ ప్రకటనల వెనక్కి పోయింది. అత్త మాత్రం మరిచిపోలేదు. ఇప్పుడు ఆ ఇంటికి వెళ్తే అందరికీ ఒక గిన్నెలో చారు, నాకు వేరే గిన్నె. అందులో చింతపండు తప్ప మరేమీ ఉండదు. మింగగానే నిజంగానే కన్నీళ్ళు కారతాయి. "ఇప్పుడు పాడప్పా" అంటుంది.

అందుచేత హార్మోనియం మీద చేయి పెట్టి ప్రమాణం చేస్తున్నాను. ఇకమీదట నా బాణీల్లో అత్త ఉండదు, చారు ఉండదు. 'లాలలా' తప్ప నా నోట మరో మాట రాదు. మొన్న చారు ఎలా ఉందని అత్త అడిగినప్పుడు కూడా అదే అన్నాను.