కారణాలు మోసే మా మేనత్త

మా మేనత్త లేకపోతే ఈ సామ్రాజ్యంలో సగం పెళ్లిళ్లు, ముప్పాతిక నవ్వులు, మొన్నటి వర్షం మొత్తం రద్దయిపోయి ఉండేవి. నమ్మకపోతే మానేయండి, నాకేం పోయింది.

మా దగ్గర ఫలితం ముందు వస్తుంది, కారణం తర్వాత వస్తుంది. వెనక నుంచి వెలుతురు పడితే మనిషికంటే ముందు నీడ గుమ్మం దాటుతుంది కదా, అలాగన్నమాట. దీన్నే కాలశాస్త్రం అంటారు. నేనూ రెండేళ్లు చదివాను. మూడో ఏడు బడి తెరిచిన రోజే నేను తప్పినట్టు ఫలితం వచ్చేసింది. ప్రభుత్వాన్ని ఇబ్బంది పెట్టడం ఎందుకని ఆ మధ్యాహ్నం నుంచే చదవడం మానేశాను. అంత చురుగ్గా కారణం అందించినవాడు మా తరగతిలో ఇంకొకడు లేడు.

చెడు ఫలితాలతో సుఖం అదే. వాటి కారణాలు వాటంతటవే నడిచొస్తాయి. మంచి ఫలితానికే మనిషిని పురమాయించాలి. మూడో రోజు పొద్దు గుంకేలోగా కారణం జరగకపోతే, వచ్చిన మంచి వచ్చినట్టే వెళ్లిపోతుంది. ఈ వ్యవహారం చూసేది కాలశాఖ. కాగితం రాసేది ఆఫీసరు. సంచి భుజాన వేసుకుని మెట్లెక్కేది మా మేనత్త. ముప్పై ఒక్క ఏళ్లుగా ఆవిడది అదే ఉద్యోగం.

జ్వరం తగ్గిపోయినవాడి చేత మందు తాగించడం కంటే కష్టమైన పని ఇంకోటి ఉంటే చెప్పండి. "తగ్గిపోయిందిగా, ఇంకెందుకు?" అని వాడు మంచం కింద దూరతాడు. ఆవిడ చెప్పులు విప్పి, తనూ మంచం కింద దూరి, అక్కడే తాగించి వస్తుంది. పకపకా నవ్వేసినవాళ్లకి జోకు చెప్పి రావాలి. ఆవిడకి ఒక్క జోకూ రాదు. అందుకే "నలభై ఏళ్లొచ్చాయి, ఒక్క పనికైనా పనికిరావేంట్రా" అంటూ నన్ను వెంట తిప్పుకుంటుంది. నేనే లేకపోతే కాలశాఖ గతేమిటో తలచుకుంటే నాకే భయమేస్తుంది.

మా వీధి దర్జీకీ, ఎదురు కొట్లో తాళాలు బాగుచేసే తమ్ముడికీ పదకొండేళ్లుగా మాటల్లేవు. ఎవరైనా తాళం సంగతి అడిగితే దర్జీ రెండు వీధులవతలకి దారి చూపేవాడు కానీ ఎదురు కొట్టు చూపేవాడు కాదు. అలాంటిది ఒక ఉదయం లేచేసరికి ఆయనకి కోపం లేదు. ఒళ్లంతా తడుముకున్నాడట, ఎక్కడా దొరకలేదట. సంతోషం పట్టలేక, కొలతలైనా అడగకుండా తమ్ముడికి చొక్కా కుట్టేశాడు. దాన్ని చంకలో పెట్టుకుని కాలశాఖకి పరిగెత్తాడు.

"ఆ కోపం మళ్లీ రాకుండా చూడండి బాబూ. నాకు అరవై నాలుగేళ్లు. ఇంకో పదకొండేళ్లు మొయ్యలేను."

ఆఫీసరు పుస్తకం తిప్పాడు. కోపం పోవడానికి కారణం క్షమాపణ. అంటే తమ్ముడు వచ్చి చెప్పాలి. బతిమాలి, బెదిరించి, మూడో రోజు మధ్యాహ్నానికి ఆఫీసరే తమ్ముణ్ణి దర్జీ కొట్టుకి లాక్కొచ్చాడు. మా మేనత్తా, నేనూ అప్పటికే అక్కడున్నాం. తమ్ముడు గుమ్మంలోనే నిలబడి, "తప్పయింది అన్నయ్యా" అన్నాడు. ఆఫీసరు కాగితం మీద ముద్ర గుద్దేశాడు.

దర్జీ దవడ మాత్రం బిగుసుకుంది. "వస్తోందమ్మా, మెడ దాకా వచ్చేసింది" అన్నాడు మా మేనత్త చెయ్యి పట్టుకుని.

"చెప్పాను కదా, ఇంకేం కావాలట?" అని తమ్ముడు విసురుగా తన కొట్లోకి వెళ్లిపోయాడు.

"ఇంకాస్త గట్టిగా చెప్పిస్తే?" అన్నాడు ఆఫీసరు చెమట తుడుచుకుంటూ.

ఫలితాన్ని కొలవకుండా మా మేనత్త కారణం జోలికి పోదు. సంచిలోంచి టేపు తీసింది.

"కోపాన్ని టేపుతో కొలుస్తావా?" అన్నాడు ఆఫీసరు.

"కోపాన్ని కాదు బాబూ, చొక్కాని."

కుడి చెయ్యి ఇరవై మూడు అంగుళాలు, ఎడమ చెయ్యి ఇరవై ఒకటిన్నర వచ్చింది.

"పొరపాటా దర్జీగారూ?"

"నా కత్తెర పొరపాటు చెయ్యదమ్మా. వాడి ఎడమ చెయ్యే పొట్టి."

"పుట్టుకతోనా?"

దర్జీ మిషను చక్రం ఊరికే తిప్పాడు. "విరిగి అతికింది."

"ఎలా విరిగింది?"

చక్రం ఆగింది. "మెట్ల మీంచి నేనే తోశాను. నన్ను చూసినప్పుడల్లా వాడు ఆ చెయ్యి వెనక్కి దాచుకుంటాడు. అది చూస్తేనే నాకు ఒళ్లు మండేది."

"మరి క్షమాపణ ఆయన దగ్గర వెతుకుతారేంటండీ? అది మీ దగ్గర ఉంటేనూ."

ఈ ముక్క నాకు ముందే తట్టింది. పెద్దావిడ కదా అని ఊరుకున్నాను.

పొద్దు ఎదురింటి పిట్టగోడ మీదికి దిగింది. దర్జీ కదల్లేదు. "పెద్దవాణ్ణి. వీధంతా చూస్తుంది."

"చూడనివ్వండి. చొక్కా నేను పట్టుకుంటాను, మీరు నడవండి."

ఆవిడ ఆయన్ని తొయ్యలేదు, తొందరపెట్టలేదు. చొక్కా రెండు చేతుల మీదా పరుచుకుని ముందు నడిచింది. నేను శాస్త్రం చదివిన బడిలో పదిమంది పండితులున్నారు. వాళ్లలో ఒక్కరికైనా అలా నడవడం వచ్చని నేననుకోను.

దర్జీ వీధి దాటాడు. తమ్ముడి ఎదుట నిలబడి, "నీ చెయ్యి విరగ్గొట్టింది నేనేరా. తప్పు నాది" అన్నాడు. ఆ మాటకి కొట్లో వేలాడుతున్న నూట పన్నెండు తాళాలు ఒక్కసారి ఫటఫటా తెరుచుకున్నాయి. అన్నదమ్ముల కన్నీళ్లకి వీధి మోకాలి లోతు మునిగింది. ఆఫీసరు తన ముద్రని ఈదుకుంటూ వెళ్లి పట్టుకోవాల్సి వచ్చింది. పొద్దు గుంకింది. దర్జీ కోపం ఈనాటికీ తిరిగి రాలేదు.

ఇదంతా రాసి మా మేనత్తకి చదివి వినిపించాను. చిక్కుళ్లు ఒలుస్తూ వింది.

"తాళాలూ తెరుచుకోలేదు, వీధీ మునగలేదు. తమ్ముడు చొక్కా తొడుక్కుని, చంక దగ్గర పట్టేస్తోందన్నాడు. అన్న విప్పించి మళ్లీ కుట్టాడు. నేనింటికొచ్చేశాను."