దెక్లన్న మా ఇంటికొచ్చి అడిగినది

మా ఊరి సర్పంచ్ పుట్టింది ఐర్లండ్‌లో. పేరు డెక్లన్. ఊళ్లో అందరికీ దెక్లన్న. పాతికేళ్ల కిందట పుట్టపర్తి ఆశ్రమానికి వచ్చాడు. తనతో వచ్చినవాళ్లు తిరిగి వెళ్లిపోయినా తాను ఉండిపోయాడు. మొదట తనే బ్రెడ్ కాల్చి, మోపెడ్ మీద తిరిగి లాడ్జీలకు అమ్మేవాడు. ఒక లాడ్జీలో వంటపని చేస్తున్న మా ఊరి హేమావతక్కను పెళ్లి చేసుకొని ఇక్కడికి వచ్చి చెనక్కాయల నూనె గానుగ పెట్టాడు. తన దేశం పాస్‌పోర్టు వదులుకొని ఈ దేశం మనిషయ్యాడు. బేరమాడే రైతుతో "ఏమప్పా, నన్ను గూడా గానుగలో ఏసి పిండుతావా?" అంటుంటే, ముఖం చూడనివాళ్లు ఎవరో మనూరివాడే అనుకునేవాళ్లు.

ఆ గానుగలో మా అమ్మ ఓబులమ్మ సీసాలకు నూనె పట్టేది. అమ్మకు తొన్ను ఉండేది. ముఖం మీద, చేతుల మీద తెల్ల మచ్చలు. ఒకసారి కదిరి నుంచి వచ్చిన షావుకారు ఆ చేతులు చూసి, ఆమె ముట్టిన నూనె తనకొద్దన్నాడు. దెక్లన్న చొక్కా చేతులు పైకి మడిచి చూపించాడు.

"నావి ఇంకా తెల్లగుండాయి. వేరే అంగడి చూసుకో సామీ" అన్నాడు.

అమ్మ తెచ్చుకున్న సంగటిలో సగం ఆయనే తినేవాడు. అమ్మకు గుండెజబ్బు ముదిరాక నేను తొమ్మిదో తరగతి మానేసి ఆమె పనిలో కూర్చున్నాను.

ఊరి బోర్లన్నీ ఎండిపోయిన ఏడాది దెక్లన్న ట్యాంకర్లు తెప్పించి వీధివీధికీ నీళ్లు పోయించాడు. తరవాత పంచాయతీ ఎన్నికల్లో నిలబడితే ఊరు గెలిపించింది. నడవలేని అమ్మ కూడా నాయన భుజం పట్టుకొని పోయి ఓటేసి వచ్చింది.

పోయిన ఏడు అమ్మ చనిపోయింది. మాలో పూడ్చడమే ఆచారం. ఈ ఏడు చెనక్కాయలు విత్తే కాలం దాటిపోతున్నా చినుకు లేదు. తొన్ను ఉన్న మనిషిని పూడిస్తే వాన రాదని, తీసి కాలిస్తే వస్తుందని మా వైపు పాత నమ్మకం. పెద్దరైతు బయ్యన్న రచ్చకట్ట దగ్గర అమ్మ పేరెత్తాడని తెలిసి నాయన అన్నం మానేశాడు. నేను భయపడలేదు. దెక్లన్న ఉన్నాడు కదా.

ఆ సాయంత్రం ఆయనే వచ్చాడు. చెప్పులు బయట విడిచి నాయన పక్కన నేల మీద కూర్చున్నాడు. నేనిచ్చిన నీళ్లు తాగలేదు.

"వెంకటరాముడన్నా, ఊరంతా ఒక మాట మీదుండాది. నువ్వు ఊ అంటే మర్యాదగా చేస్తాము. కట్టెలు నేనిస్తా."

ఆ మాటలు ఆయన నోట్లోంచే వచ్చాయా అని ఆయన పెదాల వైపు చూశాను.

మా మేనత్త ఆంజినమ్మ పొయ్యి దగ్గర్నుంచి లేచొచ్చింది. "ఓటుకొచ్చినప్పుడు వదినకు దండం పెడితివే. ఇప్పుడు ఆమె శవానికొచ్చినావా?"

"పోలీసుల్ని పిలిస్తే ఈ పొద్దు ఆపుతారక్కా. వాళ్లు పోయినాక మొరటుగా తవ్వుతారు."

"అంతేనా? మళ్లా ఎలక్షన్లు వస్తాయని గూడా భయమా?"

ఆయన ముఖం ఎర్రబడింది. నాయన వైపుకు తిరిగి కూర్చున్నాడు. నాయన తల వంచుకొని "మీ ఇష్టం" అన్నాడు.

మరుసటి రోజు పొద్దున్నే గడ్డపారలతో పోయారు. ఆడవాళ్లు రాకూడదన్నారు. నేను కంపచెట్ల వెనక నిలబడి చూశాను. ఎండిన మట్టిలో అమ్మకు కట్టిన ధర్మవరం చీర అంచు ఇంకా ఎర్రగానే ఉంది. నిప్పు పెట్టమని అగ్గిపెట్టె ఇస్తే నాయన పుల్లలన్నీ కింద పోసుకున్నాడు. దెక్లన్న వంగి ఒక పుల్ల ఏరి తనే వెలిగించాడు.

ఆ వారమే వాన పడింది. పక్క ఊళ్లలో ఎవర్నీ తవ్వలేదు, అక్కడా పడింది. ఆ మాట ఎవరూ అనలేదు. బయ్యన్న నలుగురిని వెంటేసుకొని గానుగకు వచ్చి దెక్లన్న మెడలో పూలదండ వేశాడు.

"నీ చెయ్యి మంచిదన్నా! ఈతూరి జెడ్పీటీసీకి నిలబడాల నువ్వు."

దెక్లన్న దండ వేయించుకొని నవ్వాడు. నేను సీసాలకు నూనె పడుతున్నాను. పని మానితే మాకు ఇల్లు గడవదు.

వాళ్లు పోయాక ఆయన దండ తీసి బల్ల మీద పెట్టి, లోపలున్న భార్యతో అన్నాడు. "హేమా, నేను పోతే పూడ్చొద్దు. కాల్చేయ్."

హేమావతక్క బయటికొచ్చింది. "అదేంది? మీ వాళ్ల మాదిరి పూడ్చాలని నువ్వే చెప్తివి కదా."

"వానలు రాకపోతే? నా ఒళ్లు గూడా తెల్లదే కదా."

"సర్పంచ్‌గా చేసినోన్ని ఎవురు తవ్వుతారు? పిచ్చా నీకు?"

"ఆ పొద్దుకు ఎవుడో ఒకడు సర్పంచ్ ఉంటాడు కదా" అన్నాడు దెక్లన్న. "వాడూ నా మాదిరే వచ్చి, నీ ముందర కూర్చొని అడుగుతాడు."

నా వైపు మాత్రం చూడలేదు.