ఆది జాకెట్టు

తొంభైల చివర మేం నాంపల్లిలో కిరాయికున్న ఇంట్లో ముందుగది అమ్మ కుట్టుమిషన్‌దే. సుల్తాన్ బజార్‌లో గుడ్డ కొన్న ఆడవాళ్ళు నేరుగా మా ఇంటికొచ్చి, దానితోపాటు తమకు సరిపోయే పాత జాకెట్టు ఒకటి కొలతకు ఇచ్చిపోయేవారు. దాన్నే ఆది అంటారు. ఆది చేతికొస్తే ఇక మనిషిని ముట్టుకోనక్కర్లేదు.

నా ఎడమ రొమ్ము తీసేశాక కూడా అమ్మ నా పాత ఆది పెట్టుకునే జాకెట్లు కుట్టింది. ఎడమవైపు గుడ్డ ఖాళీగా ముడతలు పడేది. నేను కొంగు కప్పుకునేదాన్ని. అమ్మ అడిగేది కాదు, నేను చెప్పేదాన్ని కాదు. దవాఖానలో కట్లు మార్చినప్పుడు కూడా బయట బెంచీ మీదే కూర్చుంది. కన్నతల్లికే నా ఒళ్ళు అసహ్యమైందని నాకు కడుపుమంట.

అప్పటికే నేను నా ఒంటినే బొమ్మ చేసుకుని జనం మధ్య నిలబడే కళలో ఉన్నాను. దాన్ని పెర్ఫార్మెన్స్ అంటారంటే అమ్మకు నవ్వు. "వేషం కట్టకుంట గదేం ఆట?" అనేది. ఆపరేషన్ మీదే ఒకటి చేస్తానన్నప్పుడు మాత్రం నవ్వలేదు. "కడుపు చింపుకుంటే కాళ్ళ మీదనే పడ్తది. జర ఆలోచించు," అంది. ఆ మాటతో నాకు ఇంకా పంతం పెరిగింది.

ఒక ఆదివారం ఆబిడ్స్‌లో, మూసిన షాపుల ముందు, పాత పుస్తకాలు పరిచే ఫుట్‌పాత్ మీద మెడలో టేపు వేసుకుని నిలబడ్డాను. పక్కన అట్ట మీద "నా కొలతలు తీయండి" అని రాసిపెట్టాను. చాలామంది పిచ్చిదనుకుని తప్పుకున్నారు. కొందరు కాలేజీ అమ్మాయిలు కొలిచారు. టేపు ఎడమవైపుకి రాగానే వాళ్ళ వేళ్ళు ఆగిపోయేవి. నేను మాత్రం రెప్ప వేయలేదు. నా గుండె ధైర్యానికి నేనే మురిసిపోయాను.

ఎవరు చెప్పారో, అమ్మ వచ్చింది. నలుగురిలో తిడుతుందనుకున్నాను. ఒకమ్మాయి చేతిలోంచి టేపు తీసుకుని చుట్టి గుప్పిట్లో పెట్టుకుంది.

"బట్టల మీదికెల్లి కొలిస్తే సక్కగ రాదు బిడ్డా. ఇంటికి పోదాం పా."

ఇంటికొచ్చి తలుపు గడియ పెట్టింది. జాకెట్టు విప్పమంది.

"గిన్ని రోజులెందుకు చూడలేదమ్మా?" అన్నాను కోపంగా.

"అడిగితే ఏడుస్తవని అడగలే. నువ్వే చూపిస్తవని ఎదురుచూసిన. రోడ్డు మీదోళ్ళను పిలిచినవు, నన్ను పిలవకపోతివి."

విప్పాను. అమ్మ కొలవలేదు. మచ్చ మీద అరచెయ్యి ఆనించి, "గింత కోసిన్రా," అంది. పొద్దుటినుంచీ అంతమంది ముందు చెక్కుచెదరని నేను ఆ చేతి కింద భోరున ఏడ్చాను. ఆపరేషనై అప్పటికి ఏడాది దాటింది. రొమ్ము పోయిందని నాకు ఆ రోజే తెలిసింది.